కత్తెర జారిన చెయ్యి

తమ్ముడికి,

నీ క్షేమం అడగబుద్ధి కావడం లేదు, కడుపు మండిపోతోంది.

మీ బావ చేతిలోంచి కత్తెర జారుతోందనీ, ఒక కన్ను సగం మూతపడి ఉంటోందనీ, ‘పొద్దున్నే మందు కొట్టి వస్తున్నాడు’ అని సెలూన్లో అందరి ముందూ అన్నావట. ఆయన కుర్చీ ఇంకొకడికి ఇచ్చేశావట. పక్కకొట్టు టైలరు చెబితే తెలిసింది.

నిన్న నేనే ఆసుపత్రికి లాక్కెళ్ళాను. చిటికెన వేలు, దాని పక్క వేలు ఎప్పుడూ తిమ్మిరేనట. చొక్కా గుండీలు కూడా నేనే పెడుతున్నాను. డాక్టరు చెయ్యీ కన్నూ చూసి, ‘మెడ కిందిభాగంలో నరాలు దెబ్బతిన్నాయమ్మా. కనురెప్పకు వెళ్ళే నరమూ అక్కణ్ణించే పోతుంది. ఈయన ఎక్కడైనా ఒంటిచేత్తో వేలాడారా?’ అన్నారు.

‘లేదండీ’ అన్నాడు ఈ మహానుభావుడు! నువ్వు బాధపడతావని.

నేనూరుకుంటానా? చెప్పేశాను. పోయిన నెల మీరిద్దరూ మేడ అంచున నిలబడి సెలూన్ బోర్డు కడుతుంటే నీ కాలు జారింది. నిన్ను పట్టుకోబోయి ఆయనా జారాడు. కుడిచేత్తో పైన ఊచకు వేలాడుతూ, ఎడమచేత్తో నీ కాలరు పట్టుకున్నాడు. జనం నిచ్చెన తెచ్చేదాకా రెండూ వదల్లేదు.

ఆ మాట ఎవరి ముందు అన్నావో, వాళ్ళ ముందే తప్పయిందని చెప్పు.

పాడైంది ఊచ పట్టుకున్న చెయ్యి. నిన్ను పట్టుకున్నది బాగానే ఉంది, నిన్నింకా వదలనంటోంది. నేనైతే ఆ రోజే వదిలేసేదాన్ని.

మీ అక్క