ముందు గది యాస్మీన్‌ది

కీ.శే. భద్రయ్య కూతురిని, నాగేంద్రమ్మను, వయసు ఎనభై నాలుగు, బాన్సువాడ టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఆపరేటరుగా చేసి రిటైరైనదాన్ని. ఎవరి బలవంతమూ లేకుండా, పూర్తి తెలివితో ఈ వీలునామా రాయిస్తున్నాను. చెవులు మందగించాయి గానీ బుద్ధి మందగించలేదు.

1. నా స్వార్జితమైన రెండు గదుల పెంకుటిల్లు నా తదనంతరం తమ్ముడి కొడుకు వంశీకి చెందాలి. అయితే ముందు గదిలో కిరాయికి ఉంటున్న నర్సు యాస్మీన్‌ను ఆమె జీవితకాలంలో ఖాళీ చేయించకూడదు. చేయిస్తే ఇల్లు మొత్తం ఆమెదే.

వంశీ, నిరుడు నువ్వన్న మాట మరవలేదు. "అత్తమ్మా, గా పిల్ల ఎప్పుడంటే అప్పుడు వస్తది, పోతది. మన ఇజ్జత్ ఏం గావాలె? ఖాళీ చేయించు" అన్నావు. 1963లో నేను ఉద్యోగంలో చేరినప్పుడు ఈ ఊళ్లో అందరూ నన్నడిగింది ఒకటే, మగదిక్కు ఎవరని. ఎనిమిది ఇళ్లు తిరిగి, చివరికి మా ఆయన మిలిటరీలో ఉన్నాడని అబద్ధం చెప్పి గది సంపాదించాను. మగవాళ్ల చెప్పులు ఒక జత కొని గుమ్మం ముందు పెట్టాను. కొత్తగా కనిపిస్తాయని నేనే వేసుకుని పెరట్లో తిరిగి అరగదీసేదాన్ని.

నన్ను పెళ్లి అడుగుదామని వచ్చిన కాలువ ఆఫీసు గుమాస్తా రామబ్రహ్మం ఆ చెప్పులు చూసి వెనక్కి పోయాడట. ఇద్దరు పిల్లల తండ్రయ్యాక, ట్రంకాల్ కోసం వచ్చి కూర్చుని నవ్వుతూ చెప్పాడు. నేనూ నవ్వి లైను కలిపాను. ఇంటికొచ్చి ఏడ్చాను.

2. నా రెండు బంగారు గాజులు వంశీ కూతురు శ్రావ్యకు. పెళ్లికి కాదు, ఉద్యోగంలో చేరిన రోజున ఇవ్వాలి.

3. నా స్టీలు క్యారేజీ, ఉన్ని శాలువా పక్కింటి జాహెదాకు. నేను బతికున్నానో లేదో అని రోజూ పొద్దున గోడ మీదుగా కేకేసేది ఆమె ఒక్కతే.

4. వీటిని అమలు చేసే బాధ్యత రిటైర్డు పోస్టుమాస్టరు ఆశన్న తీసుకోవాలి.

5. ముందు గది సంగతి నా ప్రాణం పోయేదాకా యాస్మీన్‌కు చెప్పకూడదు. చెబితే ఆ పిల్ల రోజూ నా పక్కన వచ్చి కూర్చుంటుంది. నాకు కావలసిందీ అదే. కానీ గది ఇచ్చి మనిషిని కొనుక్కున్నట్టవుతుంది.

చదివించుకుని, సరిగ్గా ఉందని ఒప్పుకుని చేసిన సంతకం.

బాన్సువాడ, 14 ఆగస్టు 2025
(సం.) నాగేంద్రమ్మ

సాక్షులు:
సాయిప్రసాద్, నస్రుల్లాబాద్
బిందుమాధవి, బాన్సువాడ