రాఘవను పిలవని ప్లాట్‌ఫారం

భాద్రపద బహుళ పాడ్యమి

నిన్న గ్రహణం విడిచింది. నేటినుండి పితృపక్షం. గతించినవారు తమవారి గుమ్మం ముందుకు వచ్చి, పేరు పెట్టి పిలిచే నోటికై నిరీక్షించే దినములు. ఈ పక్షానికి అర్థం అంతే — పిలుపు.

ఈ పుణ్యకాలంలోనే నాంపల్లి స్టేషను చరిత్ర వ్రాయవలసి వచ్చింది. రైల్వేవారు కొత్త భవనపు గోడమీద చెక్కిస్తారట. మొదటి వాక్యం కుదిరింది: "ఇచట పట్టాలు అంతమగును." ఇక్కడికి వచ్చిన బండి ముందుకు పోదు; వచ్చిన దారినే మరలాలి.

తమ్ముడు రాఘవ ఉంటే ఈ పని వాడిదే. ఉద్యోగకాలమంతా ఆ స్టేషనులో మైకు ముందు కూర్చుని బండ్ల రాకపోకలు చెప్పినవాడు. పోయి రెండేళ్లు.

విదియ

గన్‌ఫౌండ్రీలోని ఇంటి నుండి స్టేషనుకు నడిచే వెళ్లాను. పాత షెడ్డు ఇంకా నిలిచి ఉంది. మొదట సరుకులకే కట్టారని, మనుషులు తర్వాత ఎక్కారని నాన్నగారు చెప్పేవారు. ఆ షెడ్డు పక్కన చాయ్ అమ్మే యాదమ్మ పలకరించింది.

"పంతులు సారూ, రాఘవ సారు గొంతు మల్ల పెట్టిన్రా ఏంది? షెడ్డుకాడ ఇనవడ్తుంది."

ఏదో పాత రికార్డై ఉంటుందన్నాను.

"రికార్డు దగ్గుతదా సారూ?"

తదియ

కార్యాలయంలో విచారించాను. ఆ షెడ్డులో మైకు తీగలే లేవు... తీసివేసి చాలా కాలమైంది.

చరిత్ర ముందుకు సాగలేదు.

పంచమి

మరదలు శారదకు చెప్పకూడదనుకున్నాను. చెప్పేశాను. ఆమె ఆశ్చర్యపోలేదు. కొడుకు మాధవుని వైపు చూసింది. వాడు తల వంచుకున్నాడు.

మా వంశాచారం — అస్థికలు నదికి తీసుకుపోయేవాడు గడప దాటినా, బండి ఎక్కినా, ఏరు దాటినా, పోయినవారిని పేరు పెట్టి పిలవాలి. రా, ఎక్కు, దిగు అని చెప్పాలి. చెప్పకపోతే వారు అక్కడే ఆగిపోతారు.

మాధవుడు — "ఆ రోజు అస్థికలతో రాజమండ్రి బండి కోసం షెడ్డు కింద కూర్చున్నాం పెదనాన్నా... చివరి నిమిషంలో ప్లాట్‌ఫారం మార్చారు. కుండ పట్టుకుని పరుగెత్తాను. నాన్నను రమ్మనలేదు."

శారద — "ఊరందరినీ బండి ఎక్కించిన మనిషి, బావగారూ. ఆయన్ని మాత్రం వదిలేసి వెళ్లాం. అమావాస్యకు వీడు తర్పణం ఎవరికి వదులుతాడు? నదికి చేరని మనిషికా?"

రాత్రి పుస్తకాలు తీసి, మళ్లీ మూసేశాను. ఇన్ని పురాణాలు చదివాను.

అష్టమి

అమావాస్య దాటగానే షెడ్డు కూల్చుతారట. యాదమ్మ చెప్పింది. "గప్పుడు సారు యాడ నిలవడాలె?"

నవ్వబోయాను. నవ్వు రాలేదు.

ఏకాదశి

ఉపవాసం. మధ్యాహ్నం షెడ్డు కింద కూర్చున్నాను. లింగంపల్లి లోకల్ వెళ్లిపోయింది. జనం పలచబడ్డారు. పావురాలు ఒక్కసారిగా లేచాయి —

విన్నాను. ముందు దగ్గు. పిదప, మాట్లాడబోయే ముందు వాడు ఊపిరి తీసుకునే ఆ చిన్న విరామం. కాని ఆ కంఠం ప్రకటించడం లేదు. అడుగుతోంది.

"రాజమండ్రి బండి ఏ ప్లాట్‌ఫారం?"

చేయి జంధ్యం మీదికి పోయింది. నిత్యం జపించే మంత్రం నోటికి రాలేదు. ఎదుట ఎవరూ లేరు. ఎండలో పట్టాలు... అవి ఆగిపోయే గోడ.

చతుర్దశి — సాయంకాలం, రాజమండ్రి బండిలో

ముగ్గురం. నాలుగు సీట్లు. కిటికీ పక్కది ఖాళీగా ఉంచాలని శారద పట్టుపట్టింది.

షెడ్డు కింద నిలబడి మాధవుడు గోత్రం చెప్పి, పేరు చెప్పి పిలిచాడు. చివరకు — "నాన్నా, బండి వచ్చింది. పదండి, ఎక్కండి."

యాదమ్మ ఒక చాయ్ ఎక్కువ పోసింది. "సారుకు చక్కెర తక్కువేసిన. జర పైలంగ తీస్కపోండ్రి." ఆ కప్పును శారద కిటికీ దగ్గర పెట్టింది.

బండి కదులుతుండగా దగ్గు వినిపించింది. ప్లాట్‌ఫారం మీద, అంటాడు మాధవుడు. కాదు, ఇక్కడే, అంటుంది శారద. నాకు తెలియలేదు... చాయ్ మీద మీగడ కట్టింది. తెల్లవారితే నదిలో అమావాస్య తర్పణం.

గోడమీది చరిత్రకు చివరి వాక్యం మాత్రం కుదిరింది:

"ఇకమీదట ఇచటికి వచ్చువారినెల్ల, బండి కదలక మునుపే, ఎవరో ఒకరు పేరు పెట్టి పిలుతురు గాక."