పేరెత్తని మనుషులు

1958 జూలై 8, మంగళవారం

నిన్నటి పొద్దు రాసుకోవాలి. ఏ విశేషమూ లేని పొద్దు. చీకటితో లేచి ప్రార్థన చేసుకున్నా. కాగు కింద మంట పెట్టా. పీట మీద కాళ్లు చాపుకొని, రూతు బిడ్డని కాళ్ల మీద పడుకోబెట్టుకున్నా — ఇరవై రెండో రోజు. ఆముదం, సున్నిపిండి, వేణ్ణీళ్లు. ఏడ్చి ఏడ్చి ఊరుకుంది. సాంబ్రాణి పొగ పట్టి రూతు చేతికిచ్చా.

"అచ్చం మా అమ్మ ముక్కు కదత్తా!"

అవునన్నా.

మరదలు పోయేనాటికి రూతుకి రెండేళ్లు. తల్లి మొహం గుర్తే లేదు. గోడ మీది ఫొటో చూసి ముక్కు పోల్చింది. ఈ తమ్ముడింట్లో ఇరవయ్యేళ్లుగా... రూతుకీ నీళ్లు పోసి పెంచింది నేను.

జూలై 10

తమ్ముడు బడికి పోతూ — "బాప్తిస్మానికి పేరు అనుకోవాలక్కా."

ఎస్తేరు. బాగానే ఉంటుంది. కానీ నా పేరు నేనే ఎట్లా అడగను? రూతు మనసులో వాళ్లమ్మ పేరే ఉంటుంది.

జూలై 11, శుక్రవారం

మిషను బంగళాలో మార్త దొరసానికి తెలుగు పాఠం. ఇక్కడికి రాకముందు ఏడేళ్లు ఫ్రాన్సులో, గుర్రబ్బండ్లలో కాపురముండే జిప్సీలకు నర్సుగా పనిచేసిందట. ఇవాళ గేటు దగ్గర లంబాడీ ఆమె కట్టెమోపులు లెక్కపెడుతోంది — ఏక్, ది, తీన్, చార్, పాంచ్. దొరసాని చేతులు చరిచి జిప్సీల లెక్క చెప్పింది — యేక్, దూయ్, త్రిన్, ష్తార్, పాంచ్! నీళ్లనీ ఇద్దరూ పాణీ అనే అన్నారు.

లంబాడీ ఆమె నన్ను చూసి, "ఈ తెల్లమ్మ మా తండాలో తప్పిపోయిన పిల్లా ఏందమ్మా?"

దొరసాని చెప్పింది — ఆ జిప్సీల పూర్వీకులు ఎన్నో వందల ఏళ్ల కిందట ఈ దేశం నుంచే పోయారట. తమని 'మనూష్' అని చెప్పుకుంటారట. మనిషి అనా, అన్నా. అదేనంది.

జూలై 14

దొరసాని పాఠం మధ్యలో చెప్పింది. ఆ బండ్లలో ఒక ముసలామె పోయింది. ఆమె బండి, బట్టలు, అన్నీ కాల్చేశారు. ఆమెకిష్టమైన కూర కొడుకు మళ్లీ ముట్టలేదు. ఆమె పేరు ఇక ఎవరూ ఎత్తలేదు.

"నేను తెలియక ఒకసారి పలికితిని. అందరూ లేచి వెళ్లిపోయిరి. మూడు దినములు నాతో మాటలు లేవు."

జిప్సీలందరూ అంతేనా? "అందరూ కాదు. నేనున్న బండ్లవారు."

జూలై 15

ఎంత చక్కని ఆచారం. ప్రార్థనలో మోకాళ్ల మీద కూడా అదే తలపు.

జూలై 17

రూతుకి జడ వేస్తూ చెప్పేశా. పోయినవాళ్ల పేరు ఎత్తకపోవడమే వాళ్లకి గౌరవమట, బిడ్డలకి అసలే పెట్టకూడదట. ఆ చివరిమాట దొరసాని అనలేదు. నేనే చేర్చా.

"ఎవరన్నారత్తా?"

"జిప్సీలు."

"మనమేమన్నా బండ్లలో తిరుగుతున్నామా?" నవ్వింది. కాసేపటికి, నవ్వకుండా — "మా అమ్మ పేరంటే నీకు ఇష్టం లేదా?"

"నేనేమన్నానే?"

జడ మరీ బిగుసుకుపోయింది. విప్పి మళ్లీ వేశా.

జూలై 18

దొరసానిని అడిగా — వాళ్లకి పోయినవాళ్లంటే కోపమా?

"కాదు. ప్రేమ. ఆ పేరును ఇతరుల నోటికి ఇవ్వరు."

వాళ్లు ప్రేమతో నోరు మూసుకున్నారు. నేను కడుపుమంటతో ఒక కూతురి నోరు మూయించబోయా. ప్రభువా...

జూలై 20, ఆదివారం

ఆరాధనయ్యాక నందిగామ నుంచి అల్లుడొచ్చాడు. సాయంత్రం అందరం వసారాలో కూర్చున్నాం. ముందు నోరు తెరిచింది అల్లుడే.

"పెద్దమ్మగారి పేరు పెడదామండీ. ఎస్తేరు."

నేను తల ఎత్తలేదు.

తమ్ముడు పకపకా నవ్వాడు. "బతికున్న అక్క పేరు పెడితే రేపు పిల్లనెట్టా తిడతారయ్యా? 'ఎస్తేరూ, వీపు పగలగొడతా' అంటే ముందు మా అక్క ఉలిక్కిపడుద్ది!"

అందరూ నవ్వారు. నేనూ నవ్వా. ఆ బండ్లలో పోయినవాళ్ల పేరు నోట రాకూడదు. మా ఇంట్లో బతికున్నదాని పేరు.

అనుకున్నది — సుగుణ. రూతు వాళ్లమ్మ పేరే. వచ్చే ఆదివారం బాప్తిస్మం. అయ్యగారు బిడ్డ పేరేమిటని అడిగినప్పుడు, బిడ్డనెత్తుకొని చెప్పాల్సింది నేనట. రూతు పట్టుబట్టింది.

"నువ్వే చెప్పాలత్తా. ఇంకెవరు చెప్తారు?"

సరేనన్నా. ఇరవయ్యేళ్లుగా ఆ పిల్లతో 'మీ అమ్మ' అన్నానేగాని, ఆ పేరు ఒక్కసారి నా నోట వచ్చిన గుర్తు లేదు.