ఎద్దు, ఇల్లు, కన్ను

సెప్టెంబర్ 12, శుక్రవారం

ప్రొఫెసర్ ఎడెల్‌మన్‌కి పోయిన వారం ప్రాచీన హీబ్రూ క్లాసులోనే స్ట్రోక్ వచ్చింది. నేను ఆవిడ టీచింగ్ అసిస్టెంట్‌ని. ఆవిడకి మాట పడిపోయింది. ఏదో రాస్తున్నారు గానీ రీహాబ్‌లో ఎవరికీ అర్థం కావడం లేదట. ఆవిడ భర్త సాల్ ఫోన్ చేసి ఒక్కసారి రమ్మన్నారు. వెళ్లాను. వైట్‌బోర్డు మీద హీబ్రూ. ఇప్పటి చదరపు అక్షరాలే. ‘మయిమ్’. నీళ్లు అని చెప్పాను. నర్సు గ్లాసు అందించింది. సాల్ కళ్లు తుడుచుకున్నారు.

ప్రాచీన హీబ్రూ చదివి ఏం జాబ్ చేస్తావమ్మా అని ఇక్కడ అమెరికాలో, మా మోరిస్‌విల్‌లో తెలుగు ఆంటీలు అడిగినప్పుడల్లా నా దగ్గర జవాబు ఉండేది కాదు. ఇవాళ దొరికింది.

సెప్టెంబర్ 20

నేను రాసి చూపించిన చదరపు అక్షరాలను ఆవిడ గుర్తుపట్టలేదు. బోర్డు తుడిచి వేరేవి రాశారు. కోసుగా, వాలుగా. బబులోను రాజు చెరపట్టుకుపోక ముందు, రెండున్నర వేల ఏళ్ల కిందట యూదులు రాసుకున్న పాత లిపి. చెర తర్వాతే అరమేయుల దగ్గర ఈ చదరపు అక్షరాలు నేర్చుకున్నారు. చార్ట్ తెరిచి ఒక్కొక్కటే కూడబలుక్కుని చదివాను. ‘తలుపు తెరవండి.’

తలుపు తెరిచే ఉంది.

మెదడులో శతాబ్దాలవారీగా అరలేమీ ఉండవని డాక్టర్ అన్నారు. చదువుకున్నవన్నీ కలగాపులగం అయి ఉంటాయట.

సెప్టెంబర్ 21

కలగాపులగం కాదు. కాలంలో వెనక్కి వెళ్తున్నారు.

అక్టోబర్ 3

ఇవాళ బొమ్మలు. కొమ్ములున్న తల, పక్కన గోడలు. చప్పున తెలిసింది. అక్షరాలు పుట్టినప్పటి రూపాలు. ఈజిప్టు బొమ్మలను చూసి, సీనాయి గనుల దగ్గర కనాను మనుషులు రాళ్ల మీద గీసినవి. ఎద్దు తల అంటే ఆలెఫ్. ఇల్లు అంటే బేత్. వాటి మొదటి ధ్వనులు కలిపితే ‘అబ్’. నాన్న అంటున్నారు అని సాల్‌తో గర్వంగా చెప్పాను.

ఆవిడ తల అడ్డంగా ఊపారు. బొమ్మలోని కొమ్ముల మీద వేలు పెట్టి, ఆ వేలితోనే గది మూలను చూపించారు. ఇంకా అర్థం కాలేదా అన్నట్టు చూశారు.

ధ్వనులు పోయాయి. అక్కడున్నవి అక్షరాలు కావు. ఎద్దు. ఇంట్లో.

మంచం మీద కాళ్లు ముడుచుకున్నారు, దేనికో దారి ఇస్తున్నట్టు.

అక్టోబర్ 4

నా రూమ్మేట్ అదితికి చెప్పాను. నువ్వు ఇంక అక్కడికి పోకే, నాకే క్రీపీగా ఉంది అంది. నేను పోకపోతే ఆవిడకి ఎవరున్నారు?

అక్టోబర్ 9

నేనెవరో తనకి తెలుసా అని ఆవిడని అడిగి చెప్పమ్మా అన్నారు సాల్. నలభై ఏళ్ల కాపురం. ఎలా అడగను? ఆవిడ ఇప్పుడున్న చోట ఆ ప్రశ్నకి బొమ్మ లేదు. సాల్ వైపు చేయి చూపించి, మార్కర్ అందించాను.

గుండ్రంగా గీశారు. మధ్యలో చుక్క. అయిన్. కన్ను. మిమ్మల్ని చూస్తున్నారు అని చెప్పాను. సాల్ ఆ బోర్డును గుండెకి హత్తుకున్నారు.

ఆవిడ చూసింది ఆయన్ని కాదు. నన్ను. ఆ తర్వాత మార్కర్ కింద పెట్టేశారు. మళ్లీ ముట్టుకోలేదు.

అక్టోబర్ 11

అమ్మ వాట్సాప్‌లో తెలుగులో మెసేజ్ పెట్టింది. ఎంత చూసినా ఒక్క అక్షరమూ పోల్చుకోలేకపోయాను. ఫోన్ చేసి అదేంటో చదివి చెప్పమన్నాను. కళ్లజోడు మార్చుకోవే అని నవ్వింది. ఏం తిన్నావు అని అడిగిందట, అంతే.

అక్టోబర్ 12

చెయ్యి రాస్తోంది. రాసింది చదవలేకపోతున్నాను. పేజీ నిండా గుండ్రాలు. ఒక్కటీ రెప్ప వేయడం లేదు.