సౌండు రాని వీడియో

బంగారు తల్లీ సుగంధీ,

నువ్వు పంపిన నీ తరగతి వీడియో ఎంతకీ ఆడలేదమ్మా, సున్నా తిరుగుతూనే ఉంది. కుందాపురలో ఫోను కొట్లన్నీ తిరిగి కాళ్లు పడిపోయాయి. చివరికి బస్టాండు దగ్గర ఫోన్లు బాగుచేసే సంజీవ నా ఫోనులో చెత్తంతా చెరిపేసి, మళ్లీ దింపితే బొమ్మ కదిలింది.

"సౌండు రావట్లేదు అజ్జయ్యా, స్పీకరు పోయినట్టుంది," అని తల పట్టుకున్నాడు.

"ఒరే, మా అమ్మాయి చెవిటి పిల్లల బడిలో టీచరురా! దానికీ వాళ్లకీ మాటలన్నీ చేతుల్లోనే. నువ్వు అడ్డు తప్పుకో!" అన్నాను.

చేపలు పట్టే నన్ను పిలవాలంటే చిన్నప్పుడు నువ్వు వల లాగినట్టు చేతులాడించేదానివి. ఇప్పుడు వీడియోలో నువ్వు పలకమీద నాన్న బొమ్మ చూపించగానే నీ తరగతి పిల్లలందరూ అలాగే వల లాగారు తల్లీ! కొట్టు గట్టుమీద కూలబడ్డవాణ్ణి, ఫోను ఒళ్లో పెట్టుకుని నేనూ లాగాను.

మీ నాన్న