డాండిలైన్లు మొలిచిన చోటు

రత్నా,

నువ్వు దాచిన డాండిలైన్ గింజలు మొలిచాయి. కృష్ణగిరిలో మనం వాటిని ఎండాకాలంలో చల్లి, రాగులకు కప్పినట్టు మన్ను కప్పాం. ఒక్కటీ రాలేదు. "ఇది చలిదేశం పువ్వు. మా బేరిగైలో వానలు నిలిచినాక చల్లాల. మన్ను కప్పగూడదు, గింజకు వెలుతురు తగలాల," అని ఆస్పత్రి మంచం మీద చెప్పావు.

నువ్వు పోయాక బేరిగైలో మీ అమ్మ దగ్గరికి వచ్చేశాను. కార్తీకంలో పెరట్లో గోడవారన మిగిలిన గింజలన్నీ చల్లి అరచేత్తో అదిమాను. రంపపు పళ్లలాంటి ఆకులొచ్చాయి. పువ్వు పూశాకే మీ అమ్మకు చెబుదామనుకున్నాను.

నువ్వు పోయి ఏడాదైంది, ఈరోజు నీ మొదటి తిథి. అరటాకులకని హోసూరు వెళ్లి వచ్చేసరికి ఆ చోటంతా పేడతో అలికి ఉంది.

"కాకికి కూడు పెట్టేది ఈడే కదప్పా. కలుపంతా పీకేసినాను," అంది మీ అమ్మ, చేతుల మట్టి కడుక్కుంటూ.

"మంచిదత్తా," అన్నాను.

అక్కడే నీకు ఆకు వేశాం. పొద్దు వాలేదాకా కూర్చున్నాం. కాకి రాలేదు.

"బిడ్డకు ఏం తక్కువ చేసినామప్పా?" అని మీ అమ్మ ఇంకా అడుగుతూనే ఉంది.