కావాలని పడే పని

షాంపేన్ సీమ,
1916, ఆకురాలు కాలం

అమ్మా,

నీ ఉత్తరం అందింది. నేను బాగున్నాను, ఆకలి కూడా నీకు తెలిసిన ఆకలే. నువ్వూ, చెల్లీ, నాన్నా, నాన్న పడవా కులాసా అని తలుస్తాను.

"ఉతకడానికి పంపిన నీ చొక్కాలకి ఆ ఆముదం కంపేమిట్రా?" అని అడిగావు. మా విమానం ఇంజనుకు పోసేది ఆముదమేనమ్మా. అది మొహాన చిమ్ముతుంది, సగం మేమే మింగుతాం. చిన్నప్పుడు నువ్వు చెంచాతో వెంటపడితే మంచం కింద దూరేవాణ్ణి. ఇప్పుడు రోజూ తాగుతున్నాను, నవ్వుకో.

పైన ఎలా ఉంటుందన్నావు. ఎలా చెప్పను? మబ్బులు దాటితే యుద్ధమే కనబడదు. తెల్లటి మబ్బు మీద నా విమానం నీడ, దాని చుట్టూ గుండ్రంగా ఇంద్రధనుస్సు. నేనెటు పోతే అది అటే వస్తుంది. మొదటిసారి చూసినప్పుడు, చర్చిలో లాగా టోపీ తీయబోయాను. అది గడ్డం కింద బిగించి ఉంది. ఇది చూడటానికి నేనెంతటివాణ్ణమ్మా అనిపించింది.

తన కొడుకు గుల్వెన్ ఎలా పోయాడని అన్నాయిగ్ అత్త కనబడినప్పుడల్లా అడుగుతోందన్నావు. చెప్పు. వాడికి శత్రువు గుండు తగల్లేదు. మలుపులో వేగం తగ్గి, విమానం గిరగిరా తిరుగుతూ పడింది. పడేవాడెవడైనా పైకి లేవాలనే చూస్తాడు. వాడూ విమానం నడిపే కర్రను గుండెకేసి లాగాడు. అలా లాగితే తిరగడం ఆగదని అప్పటికి మా దళంలో ఎవరికీ తెలియదు. వాడి తప్పేమీ లేదు.

ఇన్నాళ్లూ నీకు చెప్పనిది ఒకటుంది. ఆ వారమే నేనూ అలాగే పడ్డాను. భూమి తిరుగుతూ మీదికొస్తోంది. లాగాను, ఇంకా లాగాను. అప్పుడు నీ అరుపు వినిపించింది. నువ్వు నాచు కోస్తుంటే సముద్రం నన్ను లోపలికి ఈడ్చుకుపోయిన నాటి అరుపు: "ఒడ్డుకేసి కొట్టుకోకురా ఎర్వాన్! నీళ్లెటు పోతే అటే పో!" కర్రను ముందుకు తోశాను, నేలకేసి. విమానం తిరగడం మానేసింది. మెల్లగా పైకి లేచింది. దిగాక జరిగింది కెప్టెన్‌కు చెప్పాను.

ఆయన నమ్మలేదు. "అదృష్టం జాలరీ! ఏదీ, మళ్లీ చెయ్యి చూద్దాం" అన్నాడు.

చేశాను. ఇప్పుడు నా పని అదే. పైకెళ్లి కావాలని పడతాను, కొత్తవాళ్లు కిందనుంచి చూస్తారు. తర్వాత వాళ్లు పడతారు, నేను చూస్తాను. నాకదే ఎక్కువ భయం. నీలాగే గొంతు చించుకుని అరుస్తాను, అంత ఎత్తున ఎవరికీ వినబడదని తెలిసినా.

సెలవు పెట్టి రమ్మన్నావు. ఇంకో జట్టు వస్తోంది, వాళ్లకీ నేర్పాలి, ఇప్పుడు రాలేను. అత్తతో ఇంకొక్క మాట చెప్పు. గుల్వెన్ తర్వాత మా దగ్గర అలా పడ్డవాళ్లందరూ లేచారు.

ఇట్లు,
నీ మాట ఆకాశంలో విన్న నీ చిన్నకొడుకు,
ఎర్వాన్